రెండు రేట్ల ఓడ

విశాఖపట్నం పోర్టుకి వచ్చే విదేశీ ఓడకి ఈ ఊళ్లో తెలిసినవాళ్లెవరూ ఉండరు. ఓడ ఆగడానికి చోటు, అంటే బెర్తు, ఇప్పించడం, కస్టమ్స్ కాగితాలు, మంచినీళ్లు, కూరగాయలు, పన్ను నొప్పి వచ్చిన నావికుణ్ణి డాక్టరు దగ్గరికి తీసుకెళ్లడం, ఇవన్నీ ఓడ యజమాని తరఫున చేసిపెట్టేవాళ్లని ఏజెంట్లు అంటారు. పాత పోస్టాఫీసు దగ్గర అలాంటి ఒక చిన్న కంపెనీలో ముప్ఫై మూడేళ్లు పనిచేసి, రెండేళ్ల క్రితం రిటైరయ్యాను. ఇప్పుడు అదే పనిలో చేరిన పిల్లలు ఇద్దరు మొన్న గాజువాకలో మా ఇంటికి వచ్చి, "మీ సర్వీసులో బాగా గుర్తుండిపోయిన ఓడ ఏది సార్?" అని అడిగారు. తుఫానులో లంగరు తెగిన ఓడ గురించో, మంటలంటుకున్న ఓడ గురించో చెబుతానని వాళ్ల ఆశ. నాకు గుర్తున్నది ఏ ప్రమాదమూ జరగని ఓడ. అందులో జరిగిందల్లా ఒక్కటే. నాకు తెలియని విషయం గురించి తెలిసినట్టు మాట్లాడాను.

ముందుగా, మారకపు రేటు గురించి అప్పటికి నాకు తెలిసిందెంతో చెప్పాలి. ఓడ ఖర్చులకి ఇంత అవుతుందని యజమానులకి డాలర్లలో అంచనా పంపేవాళ్లం. ఆ డాలర్లు వచ్చి బ్యాంకులో రూపాయలయ్యేలోపు రూపాయి కాస్త పడితే మా ముసలి యజమానికి నాలుగు డబ్బులు మిగిలేవి. ఆ రోజు ఆఫీసులో అందరికీ పునుగులు వచ్చేవి. రూపాయి బలపడితే టీ ఒక్కటే. అంతర్జాతీయ ద్రవ్య వ్యవహారాల మీద నా పరిజ్ఞానం ఆ పునుగుల పొట్లం దాటి వెళ్లలేదు. రేటు రోజుకో రకంగా ఊగుతుందని తెలుసు. ఒకే రోజు, ఒకే ఊళ్లో, ఒకే డాలరుకి రెండు రేట్లు ఉంటాయని తెలియదు.

ఓడ వచ్చింది ఉక్కు సరుకు ఎక్కించుకోవడానికి. అందులో పంతొమ్మిది మంది, అందరిదీ ఒకే దేశం. దేశం పేరు చెప్పను, అక్కడి మనుషులకి అప్పటికే చాలినన్ని కష్టాలున్నాయి. ఓడ యజమాని ఆఫీసు మాత్రం ఇంకో దేశంలో ఉంది. కెప్టెన్‌కి యాభై అయిదు దాటి ఉంటాయి. పొడుగ్గా, మెడ దాకా బొత్తాలు పెట్టుకున్న తెల్ల చొక్కాతో, ఎవరితోనూ కలవని మనిషిలా కనిపించాడు. యజమాని పక్షం మనిషి అని మొదటి పది నిమిషాల్లోనే తీర్మానించేసుకున్నాను.

మొదటి రోజే ఆయన నా చేతికి ఒక ఉత్తరం ఇచ్చాడు. అందరి సంతకాలూ ఉన్నాయి. వాళ్ల జీతాలు డాలర్లలో ఉంటాయి. ప్రతినెలా కంపెనీయే ఆ డబ్బుని వాళ్ల దేశపు నోట్లుగా మార్చి ఇళ్లకి ఇస్తోంది. ఈసారి అలా వద్దు, రెండు నెలల జీతం మాకు ఇక్కడే ఓడ మీద డాలర్ల రూపంలో చేతికి ఇవ్వండి అని ఆ ఉత్తరం సారాంశం. ఇది కొత్త విషయమేమీ కాదు. యజమాని డబ్బు పంపితే మేము బ్యాంకు నుంచి డాలరు నోట్లు తీసుకుని, కస్టమ్స్‌కి చెప్పి, కెప్టెన్‌కి అందజేస్తాం. ఉత్తరాన్ని ఒక ముక్క ఈమెయిలుతో పంపించాను. ఆ కంపెనీలో ఓడల వ్యవహారం చూసే సూపరింటెండెంటు గంటలో జవాబిచ్చాడు. అవసరం లేదు, ఎప్పటిలాగే ఇళ్లకి ఇస్తాం అని.

కెప్టెన్ ఆ జవాబు చదివి, కాగితాన్ని నాలుగు మడతలు పెట్టాడు. "వాళ్లకి మీరే చెప్పండి" అన్నాడు.

ఓడ వాళ్లు భోజనం చేసే గదిలోకి వెళ్లి చెప్పాను. చెప్పి ఊరుకుంటే బాగుండేది. మంచి చేద్దామనుకుని ఒక కాగితం తీసుకుని లెక్క వేశాను. అసలు అంకెలు ఇప్పుడు గుర్తులేవు, గుండ్రంగా చెబుతాను. "చూడండి, మీ డబ్బు విలువ పడిపోయింది. పోయినేడు ఒక డాలరు పంపితే ఇంట్లో ఎనభై వచ్చేవి. ఈ ఏడు వంద వస్తున్నాయి. జీతం పెరగకుండానే మీకు లాభం వచ్చినట్టే కదా" అని నవ్వాను. ఎవరూ నవ్వలేదు. ఒకతను ఆ కాగితం తీసుకుని, అటూ ఇటూ తిప్పి చూసి, మర్యాదగా నాకే ఇచ్చేశాడు.

బయటికి వస్తుంటే వంటవాడు పిలిచాడు. నెరిసిన గడ్డం, భారీ మనిషి, ఉల్లిపాయలు తరుగుతున్నాడు. మా ఇద్దరి ఇంగ్లీషూ కలిపితే ఒక మనిషికి సరిపోదు, అయినా అతను చెప్పింది నాకు బాగానే అర్థమైంది.

"నీ లెక్క తప్పు కాదు. కానీ నువ్వు చెప్పిన వందకి మా దేశంలో ఎవడూ డాలరు అమ్మడు" అన్నాడు.

"మరి?"

"వంద అనేది ప్రభుత్వం రాసిపెట్టిన రేటు. ఆ రేటుకి కొనడానికి వెళితే బ్యాంకులో డాలర్లు లేవంటారు. బజారులో నూట తొంభై. నూనె తెచ్చేవాడు, పిండి తెచ్చేవాడు డాలర్లు బజారులోనే కొంటాడు, ఆ లెక్కనే సరుకు అమ్ముతాడు. మా ఆవిడకి కంపెనీ వాళ్లు వంద లెక్కన ఇస్తారు. ఆమె కొట్టుకి వెళ్లి నూట తొంభై లెక్కన కొంటుంది. నెల జీతం పదిహేనో తారీఖుకి అయిపోతోంది."

అది వాళ్ల ప్రభుత్వం సంగతి, కంపెనీ ఏం చేస్తుంది అనుకుంటూ ఆఫీసుకి వచ్చాను.

మా ఆఫీసులో అకౌంట్స్ చూసే ఆమె విజయనగరం అవతలి రైతు కుటుంబం నుంచి వచ్చింది. అప్పటికి ముప్ఫై అయిదేళ్లుంటాయి. ఎం.కాం చదివింది. ఇంగ్లీషు ఉత్తరం రాస్తే కామా కూడా తప్పు పోదు, నోరు తెరిస్తే మాత్రం ఊరి మాటే. జరిగింది చెబితే రాస్తున్న పెన్ను ఆపింది.

"ఆల్ల ఇంట్లో ఓల్లకి డబ్బు బ్యాంకులో ఏత్తన్నారా, సేతికిత్తన్నారా? అడిగినారేటి సార్?"

అడగలేదన్నాను. వంటవాడికి ఫోన్ చేశాను. నెలకోసారి ఇంటివాళ్లు తమ దేశంలో ఆ కంపెనీకి ఉన్న చిన్న ఆఫీసుకి వెళతారట. సంతకం పెడితే కవరులో నోట్లు ఇస్తారట.

"మరదే కద సార్" అంది ఆమె. "డాలర్లు బ్యాంకు గుండా ఎల్తే బ్యాంకోల్లే మార్సి ఖాతాలో ఏస్తారు. కవర్లో నోట్లు ఇత్తన్నారంటే ఆ డాలర్లు బ్యాంకు మొకం సూళ్ళేదు. బజార్లో నూట తొంభైకి అమ్ముకుని ఈల్లకి వంద ఇత్తన్నారు. మద్దిలో తొంభై ఎవుడి జోబులోకి ఎల్తన్నాదో సూడండి."

"నీకెలా తెలుసు?"

"నాకేటి తెలుసు సార్. లెక్క సెప్తంది."

పొద్దున్నే అంతమందిని కూర్చోబెట్టి, మీకు లాభం వస్తోందని కాగితం మీద వేసి మరీ చూపించి వచ్చాను.

మా యజమానికి చెప్పాను. ఆయన అప్పటికి డెబ్భై దాటినా రోజూ ఆఫీసుకి వచ్చేవాడు. "మనకెందుకోయ్ ఆల్ల గొడవ? ఓడొచ్చింది, సరుకెక్కింది, పంపించీడమే. ఆ కంపెనీవి ఏడాదికి పది ఓడలొత్తన్నాయి మనకి" అన్నాడు. ఆ పది ఓడల మీదే మా తొమ్మిది మంది జీతాలు నడిచేవి. ఆయన మాటలో అన్యాయం ఏమీ కనబడలేదు నాకు.

నాలుగో రోజుకి సరుకు ఎక్కించడం పూర్తయింది. ఆ పొద్దున ఓడ వాళ్లు ఒక మాట చెప్పారు. ఓడని జాగ్రత్తగా చూసుకుంటాం, కాపలా ఉంటాం, ఇంజను సిద్ధంగా పెడతాం. డబ్బు చేతికి వచ్చేదాకా ఓడని గట్టుకి కట్టిన తాళ్లు మాత్రం విప్పం. గొడవా లేదు, కేకలూ లేవు. ఆ బెర్తు కోసం ఇంకో ఓడ సముద్రంలో ఎదురుచూస్తోంది. పోర్టు నుంచి అరగంటకోసారి నాకు ఫోను.

సూపరింటెండెంటు ఫోన్ చేశాడు. చాలా శాంతంగా మాట్లాడాడు. "వచ్చే పోర్టులో డబ్బు చేతికి ఇస్తారని చెప్పండి. ఖాయమైపోయిందని చెప్పండి. వాళ్లు రోజూ చూసేది మిమ్మల్నే, మీ మాట నమ్ముతారు" అన్నాడు.

"ఖాయమైందా?" అని అడిగాను.

"ముందు ఓడ కదలనివ్వండి" అన్నాడు.

ఆఫీసు జీపులో బయలుదేరాను. మా డ్రైవరూ నేనూ ఒకే ఏడు చేరాం, ఒకరినొకరు బావ అనుకుంటాం. విషయం చెబితే, "సెప్పీ బావ. నీకేటి, ఇదే మొదటిసారా? నీళ్లు తెచ్చే పడవ బుక్ సెయ్యకండా, దారిలో ఉన్నాదని ఎన్నిసార్లు సెప్పినావు" అన్నాడు. నిజమే. మా ఉద్యోగంలో అలాంటివి రోజుకి రెండు చెబుతాం, సాయంత్రానికి ఎలాగోలా నిజం చేస్తాం. ఇది మాత్రం సాయంత్రానికి నిజమయ్యేది కాదు. అయినా చెప్పెయ్యాలనే అనుకుంటూ ఓడ ఎక్కాను. ఇందులో నా గొప్పతనం ఏమీ లేదని చదివేవాళ్లకి తెలియాలి.

భోజనాల గదిలో అందరూ ఉన్నారు. కెప్టెన్ గుమ్మం దగ్గర నిలబడ్డాడు. "వచ్చే పోర్టులో" అని మొదలుపెట్టాను.

వంటవాడు చెయ్యి ఎత్తాడు. "అక్కడి ఏజెంటుతో నువ్వు మాట్లాడావా?"

కోపంగా అడగలేదు. కూరలో ఉప్పు వేశావా అని అడిగినట్టు అడిగాడు. అందుకే కాబోలు, జవాబు దానంతటదే వచ్చేసింది.

"లేదు" అన్నాను.

కెప్టెన్ తన ఫోను తీసి నా ముందు పెట్టాడు. "ఇప్పుడు మాట్లాడండి."

ఆ పోర్టులోని ఏజెంటు నాకు గొంతు ద్వారా మాత్రమే పరిచయం. ఫోను స్పీకరులో పెట్టి, నావికుల జీతాల డాలర్ల గురించి మీకేమైనా చెప్పారా అని అడిగాను. ఆయన కంప్యూటర్‌లో వెతికి, అలాంటిదేమీ రాలేదన్నాడు. ఫోను పెట్టేసి కెప్టెన్‌కి తిరిగి ఇచ్చాను.

"నన్ను అలా చెప్పమన్నారు" అన్నాను. అంతటితో ఆగలేకపోయాను. మొదటి రోజు నేను వేసిన లెక్క తప్పని, కవరులో ఇచ్చే నోట్ల గురించి మా ఆఫీసులో ఆమె ఏమందో కూడా చెప్పేశాను. ఇంగ్లీషు బాగా వచ్చిన ఒకతను అది వాళ్ల భాషలో చెబుతుంటే, ఒక్కొక్కరి ముఖం మారడం చూశాను. వాళ్లు ఇన్నాళ్లూ తమ ప్రభుత్వాన్ని తిట్టుకుంటున్నారు. మధ్యలో ఇంకొకరున్నారని ఆ గదిలో చాలామందికి తట్టినట్టు లేదు.

అప్పుడు నాకు భయం వేసింది. చేతిలో ఏ రుజువూ లేదు. మా ఆఫీసుకి ఫోన్ చేసి ఆమెతో మాట్లాడాను. మొదట, "అంతా సెప్పీసినారా సార్?" అంది. తరువాత, "కంపెనీకి రాత్తే దొంగలని మాత్రం రాయకండి. ఒకే ఒక్క పెశ్న అడగమనండి. ఆరు నెల్ల నుంచి మా డాలర్లు ఏ బ్యాంకులో, ఏ తారీఖున, ఏ రేటుకి మార్సినారు, ఆ రసీదులు పంపండి అనీసి. అంతే" అంది.

ఆ ప్రశ్నని ఆమే ఇంగ్లీషులో రెండు వాక్యాలు చేసి పంపింది. రసీదులు చూడగానే తాళ్లు విప్పుతాం అని ఓడ వాళ్లు కింద చేర్చారు. సంతకం పెట్టాల్సింది కెప్టెన్. యజమాని మనిషి కదా, పెట్టడని అనుకున్నాను. ఆయన కళ్లజోడు పెట్టుకుని, రెండుసార్లు చదివి, ఒక స్పెల్లింగు సరిచెయ్యబోయి, అది సరిగానే ఉందని గ్రహించి, సంతకం పెట్టి పంపించాడు.

మర్నాడు పొద్దున జవాబు వచ్చింది. ప్రశ్నకి జవాబు లేదు. డబ్బు మాత్రం వచ్చింది. రెండు నెలల జీతం, పంతొమ్మిది మందికీ, డాలర్లలో.

దాని ఫలితాలు ఇక్కడే చెప్పేస్తాను. ఆ తరువాత ఆ కంపెనీ ఓడ ఒక్కటి కూడా మా దగ్గరికి రాలేదు, పక్క వీధిలో ఉన్న ఏజెంటుకి వెళ్లాయి. మా యజమాని నన్ను ఏమీ అనలేదు కానీ ఆ ఏడాది ఎవరికీ జీతం పెరగలేదు. ఎందుకు పెరగలేదో అందరికీ తెలుసు, అందరూ నాతో మామూలుగానే ఉన్నారు. అది తిట్టినదానికన్నా ఎక్కువ బాధ. కొన్ని నెలలకి ఆ దేశపు ప్రభుత్వం తను రాసిపెట్టిన రేటుని ఎత్తేసి, బజారు ఎంతంటే అంతే అని ప్రకటించింది. మన పేపర్లో లోపలి పేజీలో అగ్గిపెట్టంత వార్త. వంటవాడు వాట్సాప్‌లో రాశాడు, సరుకుల ధరలేమీ తగ్గలేదు కానీ కవరులో ఇప్పుడు పూర్తిగా వస్తోందని. మేము అయిదు రోజులు పడిన గొడవ ఒక సంతకంతో అనవసరమైపోయింది. ఇంకో సంగతి కూడా రాశాడు. ఆ కెప్టెన్‌కి కంపెనీ మళ్లీ ఓడ ఇవ్వలేదట, ఏడాదికి పైగా ఇంట్లోనే ఉన్నాడట.

ఇక డబ్బు అందజేసిన రోజు. నాకు అన్నిటికన్నా స్పష్టంగా గుర్తున్నది అదే.

సాయంత్రం నాలుగింటికి పైలట్‌ని బుక్ చేశాం. ఓడని పోర్టు బయటికి నడిపించేది ఆయనే, ఆ సమయం దాటితే మళ్లీ మర్నాడే. బ్యాంకులో డాలర్లు తీసుకుని, కాగితాలన్నీ ముగించి, పన్నెండింటికి ఓడ ఎక్కాను. కెప్టెన్ గదిలో బల్ల మీద కట్టలు విప్పాం. వంటవాడితో కలిపి నలుగురు లెక్కపెట్టడానికి వచ్చారు. వాళ్లు లెక్కపెట్టలేదు. ఒక్కొక్క నోటూ కిటికీ వెలుగులో పట్టుకుని చూడసాగారు. కొన్ని పక్కన పెట్టారు. ఆ పక్కన పెట్టినవి పెరుగుతూ పోయాయి.

"దొంగ నోట్లా?" అన్నాను.

"మంచివే" అన్నాడు వంటవాడు. "కానీ ఇదిగో, దీనికి మడత ఉంది. దీని మీద ఎవరో సిరాతో ముద్ర వేశారు. ఇది పాత రకం. మా బజారులో శుభ్రమైన కొత్త నోటైతే డాలరుకి నూట తొంభై. మడత ఉంటే నూట డెబ్భై. ముద్ర ఉంటే ఇంకా తక్కువ, కొందరు అసలు తీసుకోరు."

ఫోన్‌లో ఈ సంగతి వినగానే మా అకౌంట్స్ ఆమె, "ఇదేటి సార్, ఇది మూడో రేటా?" అంది. ఆ అయిదు రోజుల్లో ఆమె ఆశ్చర్యపోవడం అదొక్కసారే విన్నాను. "మీరు తిన్నగా బ్యాంకుకి వచ్చీండి, నాను అక్కడుంటాను" అంది.

డ్రైవరు బావ ఆ రోజు జీపుని ఎలా నడిపాడో చెబితే ఇప్పటికీ కేసు పెడతారేమో. బ్యాంకులో క్యాషియరు నావికులు పక్కన పెట్టిన నోట్లు చూసి, "అన్నీ చెల్లేవే కదండీ. డాలరు డాలరే. మడతుంటే విలువ తగ్గుతుందా?" అన్నాడు. మొదటి రోజు నేను మాట్లాడినట్టే మాట్లాడాడు. ఆయన మీద కోపగించుకునే హక్కు నాకు లేదు.

ఆమెకి ఉంది. "సీరకి మరకుంటే మీరు పూర్తి రేటిచ్చి కొంటారేటండి?" అంది. "ఆల్లకి రెండు నెల్లు సముద్రంలో తిరిగితే వచ్చిన డబ్బది. ఒక్కో డాలరు మీద ఇరవై పోతే పిల్లల ఫీజు పోద్ది. లోపల వేరేవి ఉన్నాయా నేదా, అది సూడండి ముందు."

క్యాషియరు మేనేజరు దగ్గరికి వెళ్లాడు. మేనేజరు కిందికి వచ్చాడు. ఇనప్పెట్టె మళ్లీ తెరిచారు. ముగ్గురూ వరసగా కూర్చుని, ఆమె చెబుతుంటే ఒక్కొక్క నోటూ ఏరారు. మూడు దాటింది. చివరికి పదకొండు నోట్లకి మారు దొరకలేదు. వంద డాలర్ల నోట్లు పదకొండు. ఏడు మడత పడ్డవి, నాలుగింటి మీద సిరా ముద్రలు. "ఇంక నేవు సార్" అంది ఆమె. ఆ పదకొండూ వేరే కవరులో పెట్టుకుని బయలుదేరాను.

దారి పొడుగునా ఒకటే ఆలోచన. ఈ పదకొండూ ఎవరికి వెయ్యాలి? అందరికీ తలా ఒకటి వేద్దామంటే పంతొమ్మిది మందికి చాలవు. ఎవరికో ఎక్కువ నష్టం, ఎవరికో తక్కువ. ఈ పదకొండు నోట్ల మీద మళ్లీ తాళ్లు విప్పం అంటే?

మూడున్నరకి ఓడ ఎక్కాను. నావికులందరూ కెప్టెన్ గది బయట వరసగా నిలబడి ఉన్నారు. లోపల ఆయనా నేనూ మాత్రమే. విషయం చెప్పి, కవరు బల్ల మీద పెట్టాను. ఆయన అందులోంచి నోట్లు తీసి, ఒక్కసారి చూసి, తన సొరుగు తెరిచాడు. తన జీతం అంతకుముందే లెక్కపెట్టి అందులో పెట్టుకున్నాడు. అన్నీ కొత్త నోట్లు, ఇంకా అంటుకుని ఉన్నాయి. అందులోంచి పదకొండు లెక్కపెట్టి బల్ల మీది కట్టలో కలిపాడు. నేను తెచ్చిన పదకొండూ సొరుగులో వేసి మూసేశాడు. తరువాత తలుపు తీసి, మొదటివాణ్ణి పేరు పెట్టి పిలిచాడు.

పద్దెనిమిది మంది ఒక్కొక్కరే వచ్చి, సంతకం పెట్టి, కవరు తీసుకుని వెళ్లారు. కొందరు అక్కడే నోట్లు వెలుగులో పెట్టి చూసుకున్నారు. వంటవాడు చూసుకుని తలాడించి, నా చెయ్యి పట్టుకుని ఊపి వెళ్లాడు. ఆ పదకొండు నోట్ల సంగతి ఎవరికీ తెలియదు. కెప్టెన్ వాళ్లకి ఏమీ చెప్పలేదు.

అందరూ వెళ్లాక, ఓడ కదిలేముందు సంతకం పెట్టాల్సిన కాగితం ఆయన ముందు పెట్టాను. బయట తాళ్లు విప్పే చప్పుడు మొదలైంది. ఉండబట్టలేక అడిగేశాను. "అవి మీ దేశంలో తక్కువకి పోతాయి కదా. ముద్రలున్నవైతే అసలు తీసుకోరన్నారు."

ఆయన పెన్ను తెరిచి, సంతకం పెట్టి, తారీఖు వేశాడు.

"ఫరవాలేదు. మా ఆవిడ ఇస్త్రీ బాగా చేస్తుంది" అన్నాడు.